ఒక్క మొహం, వంద వేషాలు: మన పట్నంలో సినిమాలు తీసిన డి.జి. కథ

పోయిన ఏడు కాలేజ్ డే నాడు మా స్కిట్ సగంలో ఆగిపోయింది. చూసినవాళ్ళకు గుర్తుండే ఉంటుంది, చూడనివాళ్ళ కోసం చెప్తున్నా. ఊరి నుంచి వచ్చిన ఒక ఫస్ట్ ఇయర్ పిల్లగాడు వైవాలో ఇంగ్లీష్ రాక ఎట్లా తిప్పలు పడతాడో, అది మా స్కిట్. పిల్లగాడి వేషం నాదే. హాలంతా పగలబడి నవ్వుతోంది. మూడో వరసలో నుంచి ఒక జూనియర్ లేచి బయటికి వెళ్ళిపోయాడు. రెండు నిమిషాలకు స్టేజి పక్క నుంచి సైగ వచ్చింది, మైక్ ఆగింది, తెర పడింది.

నాకు మస్తు కోపం వచ్చింది. కళకు స్వేచ్ఛ లేదా, నవ్విస్తే తప్పా అని రెండు రోజులు స్టేటస్‌లు పెట్టాను. సరిగ్గా అప్పుడే మన క్లబ్ వాళ్ళు ఈ సంచికకు తొలినాటి సినిమా మనుషుల మీద రాయమన్నారు. అందరూ ఫాల్కే, చాప్లిన్ అని పంచుకున్నారు. నేను మన వైపు మనిషి ఎవరైనా ఉన్నారేమో అని వెతికాను. దొరికినాయన బెంగాలీ. కానీ సినిమాలు తీసింది హైదరాబాద్‌లో. ఇంకో ముచ్చట ఏమిటంటే ఆయన్ని కూడా మధ్యలోనే ఆపేశారు. స్కిట్‌ను కాదు, కంపెనీని. మనిషినే రాజ్యం నుంచి పంపించేశారు. నా కేసు వాదించడానికి మంచి సాక్షి దొరికాడని సంబరపడ్డాను. చదువుతూ పోతే ఆ సాక్షి నాకే ఎదురు తిరిగాడు. ఎట్లాగో చివర్లో చెప్తాను. ముందు ఆయన కథ వినండి.

ఆయన పేరు ధీరేంద్రనాథ్ గంగూలీ. సినిమావాళ్ళందరికీ డి.జి. 1893 మార్చి 26న కలకత్తాలో పుట్టాడు. రవీంద్రనాథ్ ఠాగూర్ నడిపిన శాంతినికేతన్‌లో చదువుకున్నాడు. బొమ్మలు వేయడం, నాటకాలు ఆడటం, పాటలు పాడటం కూడా చదువులో భాగమే అని నమ్మిన బడి అది. అక్కడి నుంచి బయటపడ్డ పిల్లవాడు ఆర్టిస్ట్ అవడంలో ఆశ్చర్యం ఏమీ లేదు. ఆశ్చర్యం ఏమిటంటే, ఆయన బొమ్మ గీయడానికి ఎంచుకున్న కాన్వాస్ తన సొంత మొహమే.

1915లో భావేర్ అభివ్యక్తి అని ఒక ఫోటోల పుస్తకం అచ్చేశాడు. భావాలను వ్యక్తం చేయడం అని ఆ పేరుకు అర్థం. ఫోటోల నిండా ఆయనే. ఒక పేజీలో కోపిష్టి, ఇంకో పేజీలో ఏడుపు మొహం. ఒక చోట మగవాడు, ఇంకో చోట చీర కట్టిన ఆడమనిషి. రంగు, మీసం, విగ్గు, కూర్చునే తీరు, చూపు మారిస్తే మనిషే మారిపోతాడు. ఫోటోషాప్ లేదు, ఫిల్టర్ లేదు. అప్పటి కెమెరా ముందు కదలకుండా కూర్చుని, ఒకే మనిషి సమాజంలో ఉన్న రకరకాల మనుషుల్ని చూపించాడు. ఈ విద్య ఎంత బాగా వచ్చంటే, మారువేషాలు ఎట్లా వేయాలో తర్వాత సి.ఐ.డి. పోలీసులకే శిక్షణ ఇచ్చాడు.

ఇది చదువుతుంటే నాకు మా బాపమ్మ చెప్పే ముచ్చట గుర్తొచ్చింది. మాది స్టేషన్ ఘన్‌పూర్. ఆమె చిన్నప్పుడు పంటలు ఇంటికి వచ్చాక పగటివేషాల వాళ్ళు వచ్చేవాళ్ళట. ఇవాళ కోమటి శెట్టి వేషం, రేపు కోయదొర వేషం, ఎల్లుండి అర్ధనారీశ్వరుడు. చివరి రోజున వేషం తీసి ఇంటింటికీ వచ్చి వడ్లు అడిగేటప్పుడు, అన్ని రోజులూ వచ్చింది ఈ ఒక్కడేనా అని ఊరు నోరెళ్ళబెట్టేదట. డి.జి. చేసింది కూడా అదే పని. కాకపోతే వాకిట్లో బదులు కెమెరా ముందు చేశాడు.

నిజానికి ప్రపంచం అంతటా సినిమాకు మొదటి కూలీలు ఇట్లాంటి వాళ్ళే. ఫ్రాన్స్‌లో జార్జ్ మెలియస్ ఇంద్రజాలికుడు. చాప్లిన్ ఇంగ్లండ్ మ్యూజిక్ హాల్ స్టేజీల మీద పెరిగాడు. డెన్మార్క్‌లో 1906లో నార్డిస్క్ ఫిల్మ్ పెట్టిన ఓలే ఓల్సెన్ అంతకుముందు సంతల్లో వింతలు చూపించి బతికినవాడు. సినిమా స్కూల్ అనేది అప్పుడు లేదు. జనాన్ని కూర్చోబెట్టడం తెలిసినవాడే డైరెక్టర్ అయ్యాడు.

డి.జి.కి మన పట్నంతో సంబంధం సినిమాతో మొదలు కాలేదు. ఆయన ముందు ఇక్కడి స్టేట్ ఆర్ట్ స్కూల్‌లో హెడ్‌మాస్టర్‌గా పని చేశాడు. అంటే మొదట మన దగ్గరికి వచ్చింది డ్రాయింగ్ నేర్పించే సారుగా. నెల జీతం, గౌరవం, నీడపట్టున పని. మన ఇంట్లోవాళ్ళ భాషలో చెప్పాలంటే సెటిల్ అయిన మనిషి. కానీ ఫోటోలో కదలకుండా కూర్చున్న వేషాలకు కదలాలని ఆశ పుట్టింది. పుస్తకం పట్టుకుని కలకత్తాలో జె.ఎఫ్. మదన్ దగ్గరికి వెళ్ళాడు. అప్పట్లో దేశంలో సినిమా హాళ్ళు, సినిమా వ్యాపారం అంటే మదన్ కంపెనీయే. పుస్తకం చూసి సినిమా తీయడానికి మదన్ ఒప్పుకున్నాడు. అక్కడే మేనేజర్‌గా ఉన్న నితీశ్ లాహిరితో డి.జి.కి స్నేహం కలిసింది. ఇద్దరూ కలిసి సొంతంగా ఇండో బ్రిటిష్ ఫిల్మ్ కంపెనీ పెట్టారు. బెంగాలీలు సొంతంగా పెట్టుకున్న మొదటి సినిమా నిర్మాణ సంస్థ అదే అంటారు.

ఆ కంపెనీ మొదటి సినిమా బిలాత్ ఫెరాత్, 1921లో విడుదలైంది. విలాయత్ నుంచి తిరిగొచ్చినవాడు అని అర్థం. డైరెక్టర్ లాహిరి, హీరో డి.జి. ఇంగ్లండ్‌లో నాలుగు రోజులు ఉండి వచ్చి ఇక్కడ ఏదీ నచ్చని మనిషి కథ. అప్పటికి మన సినిమాలన్నీ దాదాపు పురాణాలే. ఫాల్కే 1913లో రాజా హరిశ్చంద్ర తీసిన దగ్గర్నుంచి తెర మీద దేవుళ్ళు, రాజులు, ఋషులు. అదే 1921లో మద్రాసులో రఘుపతి ప్రకాశ్ తీసిన మన భీష్మ ప్రతిజ్ఞ కూడా పురాణమే. అట్లాంటి రోజుల్లో పక్కింటి మనిషిని తెర మీద నిలబెట్టి నవ్వించడం అంటే చిన్న ధైర్యం కాదు. పైగా ఆ సినిమా ఇంగ్లీష్ పిచ్చి పట్టినవాణ్ణే కాదు, పాత ఆచారాలు వదలనివాళ్ళనూ ఎగతాళి చేసింది. రెండు వైపులా ఒకే కొరడా.

ఆ తర్వాత 1922లో కంపెనీ నుంచి యశోదానందన్, సాధు ఔర్ షైతాన్ వచ్చాయి. అక్కడితో డి.జి. మళ్ళీ హైదరాబాద్ బండి ఎక్కాడు. ఈసారి డ్రాయింగ్ సారుగా కాదు, సినిమా మనిషిగా.

అప్పటి హైదరాబాద్ మనం ఇప్పుడు చూసే హైదరాబాద్ కాదు. ఏడో నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ పాలిస్తున్న సంస్థానం. మా ఘన్‌పూర్ కూడా అందులోదే. సికింద్రాబాద్ నుంచి వరంగల్ వైపు రైలు పట్టాలు 1886లోనే పడ్డాయి, మా ఊరి పేరు ముందు స్టేషన్ అని చేరడానికి కారణం ఆ పట్టాలే. డి.జి. బెజవాడ మీదుగా వచ్చి ఉంటే మా ప్లాట్‌ఫారం ముందు నుంచే వచ్చి ఉంటాడు. కిటికీలో నుంచి మా చెరువు కట్టనో, తాటిచెట్లనో చూసి ఉంటాడు. ఇది నా ఊహే. కానీ ఇప్పుడు ఇంటికి పోతూ రైల్లో కూర్చున్నప్పుడల్లా ఆ ఊహ వస్తుంది.

నిజాం అండ దొరికింది. డి.జి. లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టాడు. స్టూడియో కట్టాడు, పట్నంలో రెండు సినిమా హాళ్ళు కూడా నడిపాడు. సినిమా తీయడం, తీసింది ఆడించడం రెండూ ఆయన చేతిలోనే. స్టార్టప్ భాషలో చెప్తే ప్రొడక్షన్, డిస్ట్రిబ్యూషన్ రెండూ ఒకే టీమ్. 1922 నుంచి 1924 లోపలే ఇంద్రజిత్, హర గౌరి, చింతామణి, యయాతి, ది మ్యారేజ్ టానిక్, ది లేడీ టీచర్ లాంటి సినిమాలు వరసగా తీశాడు. పేర్లు చూడండి. ఒక చేత్తో పురాణం, ఇంకో చేత్తో పెళ్ళి మీద, ఆడవాళ్ళ చదువు మీద కథలని పేర్లే చెప్తున్నాయి. నూరేళ్ళ క్రితం మన పట్నంలో లేడీ టీచర్ అని ఒక సినిమా తయారైందంటే మీరు నమ్ముతారా? నేను రెండుసార్లు చదివి గానీ నమ్మలేదు.

ఆ రోజుల్లో సినిమా ఎట్లా తీసేవాళ్ళో కొంచెం చెప్పాలి. కెమెరాకు పక్కన ఒక పిడి ఉంటుంది, దాన్ని చేత్తో తిప్పాలి. సెకనుకు ఇంచుమించు 16 ఫ్రేములు పడేటట్టు ఒకే వేగంతో తిప్పాలి. చెయ్యి నొప్పి పుట్టి నెమ్మదిస్తే తెర మీద మనుషులు పరుగెత్తుతారు, తొందరపడితే ఈదుతున్నట్టు కదులుతారు. మనం గేమ్‌లో ఫ్రేమ్ రేట్ పడిపోయిందని తిట్టుకుంటాం, అక్కడ ఫ్రేమ్ రేట్ అంటే ఒక మనిషి భుజం. లైటింగ్ ఎక్కువగా ఎండే. మబ్బు పడితే షూటింగ్ బంద్. మాటలు ఉండవు కాబట్టి మధ్యమధ్యలో అక్షరాల కార్డులు వేసేవాళ్ళు. చదువు రానివాళ్ళు ఎక్కువ కాబట్టి చాలా హాళ్ళలో ఒక మనిషి తెర పక్కన నిలబడి కథ చెప్పేవాడు. హార్మోనియం, తబలా పక్కనే మోగేవి. మా జనగామ వైపు మాణిక్యపురం చుక్క సత్తయ్య గారి ఒగ్గుకథ గురించి విన్నవాళ్ళకు ఇది తేలిగ్గా అర్థమవుతుంది. ఒకడే కథ చెప్తూ, పాడుతూ, మధ్యలో పాత్రగా మారిపోవడం మనకు కొత్త కాదు. సినిమా మూగదే గానీ సినిమా హాలు మూగది కాదు.

ఇక 1924. డి.జి. బొంబాయిలో తయారైన రజియా బేగం అనే సినిమా తెప్పించి తన హాల్లో ఆడించాడు. గమనించండి, అది ఆయన తీసిన సినిమా కాదు. తెచ్చి ఆడించిన సినిమా. రజియా అంటే 1236 నుంచి 1240 దాకా ఢిల్లీని ఏలిన సుల్తానా. ఆమె కథ చుట్టూ హిందూ ముస్లిం ప్రేమను అల్లిన సినిమా అది. ముస్లిం ప్రభువు, ఎక్కువమంది హిందువులైన ప్రజలు ఉన్న సంస్థానంలో ఆ కథ ఎక్కడ తగలాలో అక్కడే తగిలింది. నిజాంకు కోపం వచ్చింది. తన రాజ్యం విడిచి వెళ్ళిపొమ్మని డి.జి.కి హుకుం వచ్చింది. కోర్టు లేదు, వాయిదా లేదు. లోటస్ కంపెనీకి తాళం పడింది. స్టూడియో, హాళ్ళు, అన్నీ ఇక్కడే. అప్పటికి ఆయన వయసు 31.

ఇక్కడ ఆగి ఆలోచించాను. ఏ చెయ్యి ఎత్తుకుని నిలబెట్టిందో ఆ చెయ్యే వదిలేసింది. రెండింటి మధ్య గట్టిగా రెండేళ్ళు. ఒక్కరి దయ మీద నిలబడ్డ కంపెనీ ఒక్కరి కోపంతో పోయింది. మనం సర్వర్ డౌన్ అయితే మొత్తం ఆగిపోయే డిజైన్‌ను సింగిల్ పాయింట్ ఆఫ్ ఫెయిల్యూర్ అని పరీక్షలో రాస్తాం. డి.జి.కి అది జీవితంలో వచ్చింది.

అయితే ఆయన అక్కడ ఆగలేదు. కలకత్తా వెళ్ళి మళ్ళీ మొదటి నుంచి మొదలుపెట్టాడు. కొన్నేళ్ళకు బ్రిటిష్ డొమినియన్ ఫిల్మ్స్ అని ఇంకో కంపెనీ నిలబెట్టాడు. అస్సాంలోని గౌరీపూర్ జమీందారీ వారసుడు ప్రమథేశ్ బారువా అందులో కలిశాడు. 1935లో దేవదాసు కథను బెంగాలీ టాకీగా తీసి దేశాన్ని ఏడిపించిన బారువాయే ఈ బారువా. మనకు దేవదాసు అంటే 1953 నాటి అక్కినేని గుర్తొస్తాడు, బెంగాల్ వాళ్ళకు బారువా. డి.జి. 1930లో ఫ్లేమ్స్ ఆఫ్ ఫ్లెష్ తీశాడు. చిత్తోడ్ రాణి పద్మిని కథ. దానికి కథ రాసి, వేషం కూడా వేసిన కుర్రాడు దేవకీ కుమార్ బోస్, తర్వాత చాలా పెద్ద డైరెక్టర్ అయ్యాడు. అంటే డి.జి. కంపెనీలు మునిగినా, వాటి నుంచి మనుషులు తేలారు.

అవును, ఈ కంపెనీ కూడా మునిగింది. ఈసారి రాజు కాదు, టెక్నాలజీ ముంచింది. 1931లో ఆలం ఆరాతో సినిమాకు మాట వచ్చింది. మరుసటి ఏడు మన భక్త ప్రహ్లాద. మూగ సినిమా కోసం కట్టుకున్న స్టూడియోలు, కొన్న కెమెరాలు, నేర్చుకున్న విద్య ఒక్కసారిగా పాతబడ్డాయి. మనం ఇవాళ ఏఐ వస్తే మన కోడింగ్ ఏమవుతుందో అని హాస్టల్ మెట్ల మీద కూర్చుని మాట్లాడుకుంటాం కదా, ఆ భయం కొత్తది కాదు. డి.జి. ఏం చేశాడు? సొంత కంపెనీ ఓనర్‌ను అన్న బింకం పక్కన పెట్టి వేరేవాళ్ళ దగ్గర పనికి చేరాడు. ముందు బారువా సంస్థలో, తర్వాత న్యూ థియేటర్స్‌లో. 1934లో ఎక్స్‌క్యూజ్ మీ సర్ అనే కామెడీ తీశాడు. మొహంతో నవ్వించిన మనిషి మాటతో నవ్వించడం కూడా నేర్చుకున్నాడు. 1940ల చివరి దాకా సినిమాలు తీస్తూనే ఉన్నాడు. చివరి సినిమా పేరు కార్టూన్, 1949. వేషాలతో మొదలైన మనిషి కార్టూన్‌తో ముగించడం నాకు ముచ్చటగా అనిపించింది.

గుర్తింపు బాగా ఆలస్యంగా వచ్చింది. 1974లో పద్మభూషణ్. 1975కు గాను దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు. దానికి ముందు ఏడు అదే అవార్డు మన బి.ఎన్. రెడ్డి గారికి వచ్చింది. డి.జి.కి అప్పటికి 80 దాటాయి. 1978 నవంబర్ 18న కలకత్తాలో పోయాడు. ఆయన పొమ్మనిపించుకున్న సంస్థానం కూడా అప్పటికి లేదు. 1948లోనే అది ఇండియాలో కలిసింది.

ఇక బాధాకరమైన ముచ్చట. హైదరాబాద్‌లో తీసిన ఆ సినిమాలు చూద్దామంటే మనకు దొరకవు. అప్పటి ఫిల్మ్ నైట్రేట్‌ది, నిప్పు తగిలితే భగ్గుమంటుంది. ఊరికే పెట్టినా కొన్నేళ్ళకు జిగురై పొడైపోతుంది. అందులో ఉన్న వెండి కోసం కరిగించినవాళ్ళు కూడా ఉన్నారు. మన దేశంలో వెయ్యికి పైగా మూగ సినిమాలు తీస్తే ఇవాళ మిగిలినవి చాలా కొద్ది. మన భీష్మ ప్రతిజ్ఞ కూడా మిగల్లేదు. డి.జి. హైదరాబాద్ పని మనకు పేర్ల జాబితాగా మిగిలింది. బ్యాకప్ లేని డేటా అంటే ఏమిటో ఇంతకంటే బాగా ఎవరూ చెప్పలేరు.

ఇప్పుడు నా సాక్షి ఎట్లా ఎదురు తిరిగాడో చెప్తాను.

నేను డి.జి.ని హీరోను చేసి, నా స్కిట్ ఆపినవాళ్ళను నిజాం పక్కన నిలబెట్టి ఒక వ్యాసం రాద్దామనుకున్నాను. సగం రాశాను కూడా. బిలాత్ ఫెరాత్ దగ్గరికి వచ్చేసరికి పెన్ను ఆగింది. డి.జి. ఎవర్ని చూసి నవ్వాడు? శాంతినికేతన్‌లో చదివి, ఇంగ్లీష్ పేర్లతో కంపెనీలు పెట్టిన మనిషి, ఇంగ్లీష్ పిచ్చి ఉన్నవాడి వేషం తానే వేశాడు. తన లాంటివాణ్ణి చూసి తానే నవ్వాడు. పుస్తకంలో అన్ని మొహాలూ తన మొహం మీదే గీసుకున్నాడు. మరి నేనో? నర్సరీ నుంచి ఇంగ్లీష్ మీడియం. ఫీజు కట్టడానికి మా బాపు ఏం అమ్మాడో నాకు తెలుసు. ఆ ఇంగ్లీష్ పట్టుకుని, తెలుగు మీడియంలో చదివి సొంతంగా ర్యాంకు తెచ్చుకుని వచ్చిన పిల్లగాడి నోరు తిరగకపోవడాన్ని స్టేజి మీద పెట్టి నవ్వించాను. నిజాం పక్కన నిలబడాల్సింది ఎవరో నాకు అర్థమైంది. బలం ఉన్నవాడు బలం లేనివాణ్ణి గెంటితే హుకుం అంటారు. నేను చేసింది నవ్వుతో గెంటడం.

స్కిట్ మధ్యలో ఆపడం సరైనదేనా అంటే ఇప్పటికీ నాకు డౌటే. ముందే చదివి చెప్పి ఉండొచ్చు. డి.జి.ని వెళ్ళగొట్టడం మాత్రం ఏ లెక్కన చూసినా అన్యాయమే అంటాను. కానీ రెండూ ఒకటే అని రాయడానికి నాకు చెయ్యి రాలేదు.

నెల తర్వాత ఆ జూనియర్ రూమ్‌కి వెళ్ళాను. సారీ చెప్పడానికి ఇంగ్లీష్‌లోనే నోరు తెరిచి, మధ్యలో సిగ్గుపడి తెలుగులోకి వచ్చాను. వాడు కాసేపు ఏమీ అనలేదు. తర్వాత, నా స్కిట్‌లో నటన బాగుంది గానీ యాస తప్పుగా పట్టానని, వాళ్ళ వైపు అట్లా మాట్లాడరని సరిచేశాడు. అది క్షమించడమో కాదో నాకు తెలియదు. కానీ ఆ రోజు రాత్రి పదకొండు దాకా వాడు నాకు యాస నేర్పించాడు.

ఈ ఏడు కాలేజ్ డేకి కొత్త స్కిట్ రాస్తున్నాం. స్టేషన్ ఘన్‌పూర్‌లో రైలు దిగి, బాపమ్మ బువ్వ తిన్నవా అని అడిగితే ఇంగ్లీష్‌లో జవాబు చెప్పే ఒక సీఎస్‌ఈ పిల్లగాడి కథ. ఆ వేషం నాదే, మేకప్ అక్కర్లేదు. బాపమ్మ వేషం ఆ జూనియర్‌ది. డైలాగులు కూడా సగం వాడివే, మంచివన్నీ వాడివే. ఈసారి రికార్డ్ చేసి రెండు చోట్ల బ్యాకప్ పెడుతున్నాం. వచ్చి చూడండి. నవ్వు రాకపోతే లేచి వెళ్ళిపోండి, ఏమీ అనుకోం.